బ్యాండు మేళం లేని బాస్!

గిటారు ఒకటి. పియానో ఒకటి. మెడకి తగిలించుకున్న మౌతార్గన్ ఒకటి. మనిషి ఒక్కడు. వెనకాల గోడకి పూత కూడా లేదు, ఇటుకలు కనిపిస్తున్నాయి. టిక్కెట్టు మాత్రం 850 డాలర్లు!

"ఇదెక్కడి దోపిడీ అండీ బాబూ!" అంటారు కదూ? అనండి, తప్పులేదు. ఆ మాటకొస్తే 75 డాలర్ల టిక్కెట్లు కూడా కొన్ని వున్నాయి. కాకపోతే వాటికి లాటరీ తగలాలి. అయినా జనం ఎగబడ్డారు. 2017 అక్టోబరు 12న న్యూయార్క్ బ్రాడ్‌వేలోని వాల్టర్ కెర్ థియేటర్లో లాంఛనంగా మొదలైన ఆ ప్రదర్శనని ఎనిమిది వారాలు ఆడిద్దామనుకున్నారు. పొడిగించారు. మళ్ళీ పొడిగించారు. 2018 డిసెంబరు 15 దాకా నడిచింది. లెక్కేస్తే 236 ఆటలు! అన్నిటికీ ఒకే మనిషి, దాదాపు అవే పాటలు, అవే మాటలు. మన సినిమా లెక్కలో అయితే శతదినోత్సవం షీల్డులు రెండు ఇంటికి పట్టుకుపోయేవాడు.

ఆ మనిషి పేరు బ్రూస్ స్ప్రింగ్‌స్టీన్. అభిమానులు ముద్దుగా 'బాస్' అంటారు. అప్పటికి ఆయన వయసు 68.

ఇంగ్లీషు పాటలు వినే కుర్రకారుకి ఈయన్ని కొత్తగా పరిచయం చెయ్యక్కర్లేదు. విననివాళ్ళ కోసం నాలుగు ముక్కలు. అమెరికాలో న్యూజెర్సీ రాష్ట్రం, ఫ్రీహోల్డ్ అనే చిన్న వూరు. మనవాళ్ళు కాపురాలు పెట్టి, గుళ్ళు కట్టుకుని, మన తిండి అంగళ్ళు తెరిచిన ఎడిసన్ వుంది చూశారూ, అక్కణ్ణించి కారెక్కితే గంట లోపే. మీ పెదనాన్నగారబ్బాయో, పిన్నిగారమ్మాయో అక్కడ వుండే వుంటుంది. ఆ ఫ్రీహోల్డ్‌లో పెరిగిన బక్కపలచటి కుర్రాడు 1975లో 'బార్న్ టు రన్' అనే రికార్డుతో దేశాన్ని వూపేశాడు. ఒకే వారంలో 'టైమ్' పత్రిక ముఖచిత్రమూ ఇతనిదే, 'న్యూస్‌వీక్' ముఖచిత్రమూ ఇతనిదే. 1984లో వచ్చిన 'బార్న్ ఇన్ ది యు.ఎస్.ఏ.' ఆల్బం నుంచి ఏడు పాటలు వరసగా తొలి పది స్థానాల్లోకి ఎక్కాయి. ఇహ ఆయన 'ఇ స్ట్రీట్ బ్యాండు' సంగతి చెప్పాలా! డ్రమ్సు, ఆర్గన్, పియానో, మూడేసి గిటార్లు, వీటన్నిటి మీదుగా క్లారెన్స్ క్లెమన్స్ అనే భారీ మనిషి శాక్సొఫోను. 2012 జూలై 31న ఫిన్లండ్ రాజధాని హెల్సింకీలో ఆ బృందం నాలుగు గంటల ఆరు నిమిషాలపాటు ఆగకుండా వాయించింది!

అన్నట్టు, ఆ బాస్ మన దేశానికీ వచ్చాడు సుమండీ. 1988 సెప్టెంబరు 30న ఢిల్లీలో జవహర్‌లాల్ నెహ్రూ స్టేడియంలో పాడాడు. ఆమ్నెస్టీ ఇంటర్నేషనల్ సంస్థ మానవహక్కుల పేరిట ప్రపంచయాత్రకి తీసిన కళాకారుల జట్టు అది. స్టింగ్, పీటర్ గేబ్రియల్, యూసు ఎన్‌దూర్ కూడా అదే వేదిక మీద వున్నారు. బాస్ వెంట బ్యాండు మొత్తం వుంది. ఆ రోజు నిజంగా ఒంటరిగా నిలబడి, ఒక్క గిటారుతో పాడింది మాత్రం వేరే మనిషి... ట్రేసీ చాప్‌మన్. అప్పటికి ఆ అమ్మాయి మొదటి రికార్డు వచ్చి ఆర్నెల్లు కూడా కాలేదు.

సరే, అసలు సంగతికొద్దాం.

బ్యాండుతో పాడ్డానికీ ఒంటరిగా పాడ్డానికీ తేడా ఏమిటి? పాట పాటే కదా అంటారేమో. కాదండీ. బ్యాండు వున్నప్పుడు తాళం బరువు డ్రమ్మరు మోస్తాడు. గాయకుడికి గొంతు బొంగురుపోతే శాక్సొఫోను అందుకుంటుంది. పల్లవి దగ్గర వూపిరాడకపోతే మైకు జనం వైపు తిప్పేస్తే సరి, యాభైవేలమంది పాడేస్తారు. ఒక్కడే నిలబడ్డప్పుడు ఈ ఆసరాలేవీ వుండవు. తీగ మీద వేలు జారితే ఆఖరి వరసకీ వినిపిస్తుంది. వూపిరి పీల్చిన చప్పుడు కూడా వినిపిస్తుంది. పాటలో సరుకు లేకపోతే అదీ బయటపడుతుంది. మన హరిదాసుగారి పరిస్థితే అనుకోండి. చేతిలో చిరతలు, కాలికి గజ్జెలు, కథా తనే, పాటా తనే, పాత్రలన్నీ తనే. ఆయనకైనా పక్కన మృదంగం వుంటుంది!

స్ప్రింగ్‌స్టీన్‌కి ఇది ముసలితనంలో పుట్టిన సరదా కాదు. ఆయనకి మొట్టమొదటి అవకాశం వచ్చిందే ఇలా. 1972 మే 2న కొలంబియా రికార్డుల కంపెనీలో జాన్ హామండ్ అనే పెద్దమనిషి గదిలోకి ఇరవై రెండేళ్ళ కుర్రాడు వెళ్ళాడు. ఈ హామండ్ సామాన్యుడు కాడు. బిల్లీ హాలిడేకి దారి చూపినవాడు, బాబ్ డిలన్ చేత మొదటి కాంట్రాక్టు మీద సంతకం పెట్టించినవాడు. మన కుర్రాడి దగ్గర అరువు తెచ్చుకున్న గిటారు. దానికి పెట్టె కూడా లేదు! న్యూయార్క్ వీధుల్లో దాన్ని అలాగే భుజాన వేసుకొచ్చాడట. కూర్చుని నాలుగు పాటలు పాడాడు. హామండ్ పడిపోయాడు. ఆ రోజు పాడినవాటిలో 'గ్రోయిన్ అప్' ఒకటి. నలభై అయిదేళ్ళ తర్వాత బ్రాడ్‌వే ప్రదర్శనకి తెర తీసింది ఆ పాటతోనే.

తర్వాతి ఘట్టం సినిమావాళ్ళు వినాల్సింది. 1982 జనవరి. బాస్ అప్పటికే పెద్ద స్టారు. న్యూజెర్సీలోని కోల్ట్స్ నెక్‌లో అద్దె ఇంట్లో పడగ్గదిలో కూర్చున్నాడు. మామూలు క్యాసెట్టు మీదే నాలుగు ట్రాకులు ఎక్కించే చిన్న టీయాక్ యంత్రం, రెండు మైకులు. కొత్త పాటలకి నమూనా తీసి బ్యాండుకి వినిపిద్దామని అతని ఆలోచన. తీసిన పాటల్ని కలిపి ఇంకో క్యాసెట్టుకి ఎక్కించడానికి వాడింది ఏమిటో తెలుసునా? ఒకసారి నీళ్ళలో పడి లేచిన పాత పానసోనిక్ టేప్ రికార్డరు! ఆ క్యాసెట్టుకి పైన డబ్బా కూడా లేకుండా జీన్సు జేబులో వేసుకుని తిరిగాడు. బ్యాండుతో స్టూడియోకి వెళ్ళి అవే పాటలు వాయించి చూశారు. ఎంత బాగా వాయించినా, పడగ్గదిలో పడిన ఆ చీకటి మాత్రం రావడం లేదు. చివరికి జేబులోని క్యాసెట్టునే రికార్డుగా వేసేశారు. 1982 సెప్టెంబరు 30న విడుదలైన 'నెబ్రాస్కా' అదే.

ఇందులో సినిమా ఎక్కడుంది అంటారా? టెరెన్స్ మాలిక్ తీసిన 'బ్యాడ్‌లాండ్స్' (1973) టీవీలో చూశాక పుట్టింది ఆ ఆల్బం మొదటి పాట. మార్టిన్ షీన్, సిసీ స్పేసెక్ నటించిన ఆ చిత్రానికి ఆధారం 1950ల చివర్లో చార్లెస్ స్టార్క్‌వెదర్ అనే యువకుడు చేసిన వరస హత్యలు. ఇదంతా మళ్ళీ సినిమాగా కూడా వచ్చింది. స్కాట్ కూపర్ దర్శకత్వంలో 2025 అక్టోబరులో విడుదలైన 'స్ప్రింగ్‌స్టీన్: డెలివర్ మి ఫ్రం నోవేర్' ఈ పడగ్గది రికార్డింగు కథే. జెరెమీ అలెన్ వైట్ బాస్‌గా వేశాడు, పాటలు కూడా తనే పాడాడు. తండ్రి పాత్రకి స్టీఫెన్ గ్రాహం. వసూళ్ళు ఆశించినంత రాలేదు. గది, క్యాసెట్టు, దిగులు... వీటితో బొమ్మ ఆడించడం కష్టమే మరి. కానీ వైట్ ఒక్కడూ మంచం మీద కూర్చుని గిటారు పట్టుకున్న దృశ్యాల్లో నటన తెలియకుండా నటించాడు. ఆ మార్కులు ఇవ్వాల్సిందే.

ఆ క్యాసెట్టులోనే ఇంకో పాట వుండిపోయింది. 'బార్న్ ఇన్ ది యు.ఎస్.ఏ.'

ఆశ్చర్యంగా వుంది కదూ! పిడికిలి బిగించి అరిచే ఆ పాట మొదట ఒక్క గిటారుతో, చిన్న గొంతుతో, గొణుగుతున్నట్టుగా పుట్టింది. దాని పేరు కూడా సినిమా వాళ్ళదే. 'టాక్సీ డ్రైవర్' రాసిన పాల్ ష్రేడర్ ఒక స్క్రిప్టు పంపితే బాస్ బల్లమీద పడివుంది. అట్టమీది పేరు నచ్చి పాటకి పెట్టేసుకున్నాడు! ఆ బాకీ తీర్చడానికి తర్వాత ష్రేడర్ సినిమాకి 'లైట్ ఆఫ్ డే' (1987) అనే పాట రాసిచ్చాడు.

పాటలో కథేమిటంటే... పేదింటి కుర్రాడు. వియత్నాం యుద్ధానికి పంపారు. తిరిగొచ్చాడు. ఉద్యోగం లేదు, ఆదుకునే దిక్కు లేదు, అన్నలాంటివాడు అక్కడే పోయాడు. ఇది ఏడుపు పాట. 1984లో బ్యాండు మేళంతో రికార్డుగా విడుదలైనప్పుడు డ్రమ్ములు తుపాకుల్లా పేలాయి, సింథసైజరు బాకా వూదింది. జనానికి పల్లవి తప్ప ఇంకేం చెవిన పడలేదు. జెండాలు వూపారు! ఆ ఏడు సెప్టెంబరు 19న ప్రెసిడెంటు రీగన్ ఎన్నికల ప్రచారానికి న్యూజెర్సీలోని హామంటన్ వెళ్ళి, ఈ రాష్ట్రపు బిడ్డ స్ప్రింగ్‌స్టీన్ పాటల్లో ఆశ వుందంటూ తలచుకున్నాడు. రెండు మూడు రోజుల తర్వాత పిట్స్‌బర్గ్ కచేరీలో బాస్ దానికి వేదిక మీదే జవాబిచ్చాడు. ప్రెసిడెంటుగారికి నా ఆల్బముల్లో ఏది ఇష్టమో, 'నెబ్రాస్కా' అయితే అయ్యుండదు అనే అర్థంలో చురక వేసి, ఆ ఆల్బంలోంచి ఉద్యోగం పోయి హత్య చేసినవాడి పాట అందుకున్నాడు.

చూశారా, ఒక పాటకి ఎంత బ్యాండు మేళం పెడితే దాని అర్థం అంత పక్కకి జరిగిపోయింది! దాన్ని వెనక్కి తెచ్చుకోవడానికి ఆయనకి ఒక్కటే దారి దొరికింది. వాద్యాలు తీసెయ్యడం.

1995 నవంబరులో 'ది గోస్ట్ ఆఫ్ టామ్ జోడ్' ఆల్బంతో పాటు ఒంటరి యాత్ర మొదలుపెట్టాడు. (ఈ టామ్ జోడ్ కూడా సినిమా పుణ్యమే. స్టయిన్‌బెక్ నవల మీద జాన్ ఫోర్డ్ 1940లో తీసిన 'ది గ్రేప్స్ ఆఫ్ రాత్'లో హెన్రీ ఫాండా వేసిన పాత్ర.) స్టేడియాలు కావు, రెండు మూడు వేలమంది పట్టే హాళ్ళు. 1997 మే దాకా నూటికి పైగా కచేరీలు. వేదికెక్కగానే మొదట చెప్పే మాట... దయచేసి నిశ్శబ్దంగా వుండండి. పాడొద్దు, చప్పట్లతో తాళం వెయ్యొద్దు. పక్కవాడు గోల చేస్తే మర్యాదగా నోరు మూసుకోమని చెప్పండి. ఇరవై ఏళ్ళుగా 'బ్రూ...స్' అని గొంతు చించుకోవడానికే వచ్చే అభిమానులకి ఇది పెద్ద శిక్షే! మొదటి రోజుల్లో కొందరు నొచ్చుకున్నారు కూడా. అప్పుడు 'బార్న్ ఇన్ ది యు.ఎస్.ఏ.' వాయించేవాడు చూడండి... ఎవరికీ మొదట ఆనవాలు తెలిసేది కాదు. వేలికి గొట్టం తొడుక్కుని తీగల మీద జార్చే పద్ధతి. మన గోటువాద్యం విద్వాంసులు కర్ర జార్చినట్టే. స్వరం ఎక్కడా నిలబడదు, మూలుగుతూ జారుతూ వుంటుంది. జెండా వూపడానికి అందులో చోటే లేదు.

ఆ యాత్రలో ఒక కచేరీ మాత్రం నాకు మిగతావన్నిటికన్నా ఇష్టం. 1996 నవంబరు 8. ఫ్రీహోల్డ్‌లో సెయింట్ రోజ్ ఆఫ్ లైమా బడి వ్యాయామశాల. చిన్నప్పుడు సన్యాసినుల చేత చీవాట్లు తిన్న బడి అది. 'ఇక్కణ్ణించి ఎప్పుడు పారిపోతానా' అని పాటలు రాసిందీ ఆ వూరి గురించే. టిక్కెట్లు ఆ వూరివాళ్ళకి తప్ప ఇంకెవరికీ అమ్మలేదు. వచ్చిన డబ్బు మంచి పనికే ఇచ్చేశాడు. ప్రపంచమంతా తిరిగినవాడికి, చిన్నప్పుడు తను చొక్కా చివర్లు నములుతూ తిరగడం చూసినవాళ్ళ ముందు గిటారు పట్టుకుని నిలబడ్డం ఎలా వుంటుందో మీరే వూహించుకోండి.

మధ్యలో ఒక తమాషా. ఎం.టి.వి.లో 'అన్‌ప్లగ్డ్' అని కార్యక్రమం వుండేది గుర్తుందా? కరెంటు గిటార్లు పక్కన పెట్టి మామూలు గిటార్లతో పాడాలి. అందరూ పాడారు, అందరి క్యాసెట్లూ అమ్ముడుపోయాయి. 1992లో బాస్‌ని పిలిస్తే వెళ్ళాడు. ఒక్క పాట నియమం ప్రకారం పాడాడు. రెండో పాటకి కరెంటు గిటారు తగిలించుకుని వాయించేశాడు! వచ్చిన రికార్డు పేరు కూడా 'ప్లగ్డ్' అనే పెట్టారు. ఫ్యాషను కోసం ఒంటరిగా కూర్చోవడం ఈయనకి చేతకాదన్నమాట.

2005లో ఇంకోసారి ఒంటరి యాత్ర చేశాడు. అదలా వుంచండి. బ్రాడ్‌వేకి బీజం పడింది శ్వేతసౌధంలో. 2017 జనవరిలో ఒబామా దిగిపోయేముందు, అక్కడ పనిచేసిన ఉద్యోగుల కోసం బాస్ ఒక రాత్రి తన జీవితకథ చెబుతూ, మధ్యమధ్య పాడాడు. ముందు సంవత్సరమే ఆయన ఆత్మకథ అచ్చయింది. ఆ పుస్తకమూ, ఈ పాటలూ కలిపితే థియేటరుకి సరిపోతుందని అప్పుడే తట్టింది.

ఇహ ప్రదర్శన. నల్ల టీషర్టు, జీన్సు ప్యాంటు. వస్తూనే ఆయన చెప్పే మొదటి సంగతి ఏమిటంటే, నేనొక మోసగాణ్ణి! ఫ్యాక్టరీ లోపల ఎలా వుంటుందో నేనెన్నడూ చూడలేదు, అయినా నేను రాసిందంతా దాన్ని గురించే. వారానికి అయిదు రోజుల ఉద్యోగం జీవితంలో చెయ్యలేదు, ఇదిగో ఈ నాటకం దాకా. కార్ల మీద అన్ని పాటలు కట్టినవాడికి ఆ రోజుల్లో డ్రైవింగే రాదు! జనం పడీపడీ నవ్వుతారు. నవ్విస్తూనే, మెల్లిగా లోపలి గది తలుపు తీస్తాడు.

ఆ గదిలో వాళ్ళ నాన్న వున్నాడు.

డగ్లస్ స్ప్రింగ్‌స్టీన్. రగ్గుల మిల్లు, ఫోర్డు కార్ల ఫ్యాక్టరీ, బస్సు డ్రైవరు, జైలు కాపలా... చెయ్యని పని లేదు, నిలిచిన పని లేదు. సాయంత్రమైతే బార్లో. ఇంటికి రమ్మని పిలుచుకురావడానికి అమ్మ చిన్న బ్రూస్‌ని పంపేది. పెద్ద మనుషుల నడుముల మధ్యనుంచి నడుచుకుంటూ వెళ్ళి నాన్న చొక్కా లాగడం... ఆ బార్లో పొగ, వాసన, నాన్న వీపు, అన్నీ మాటలతోనే కట్టిస్తాడు. మాట్లాడని తండ్రి. వంటింట్లో దీపం ఆర్పుకుని చీకట్లో కూర్చునే తండ్రి. మనసుకి జబ్బు వుందని చాలా ఏళ్ళకి గానీ ఎవరికీ తెలియలేదు. ఆ కథ చెప్పి, 'నెబ్రాస్కా'లోని 'మై ఫాదర్స్ హౌస్' పాడతాడు. పడగ్గదిలో పుట్టిన పాట ముప్ఫై అయిదేళ్ళ తర్వాత థియేటరుకొచ్చినా అందులో ఒక్క వాద్యం కూడా పెరగలేదు.

ఇక్కడ ఒక మాట అంటాడు, సినిమా పిచ్చివాళ్ళు చెవిన వేసుకోవాల్సింది. పాటలు రాసేటప్పుడు తన గొంతు ఏదో తనకి తెలియలేదట. అందుకని నాన్న గొంతు తీసుకున్నాడు. నాన్న పనిబట్టలు తొడుక్కున్నాడు. ఆ జీన్సు, ఆ మడత చేతుల చొక్కా, ఆ బూట్లు మనం 'రాక్ స్టారు ఫ్యాషను' అనుకున్నాం చూశారా? అది వేషం. కొడుకు వేసిన తండ్రి వేషం! ప్రేమించినవాళ్ళు మనల్ని ప్రేమించకపోతే మనం వాళ్ళలా తయారవుతాం, దగ్గరవడానికి అదొక్కటే దారి అన్నట్టు చెబుతాడు. తర్వాత చాలాసేపటికి ఇంకో ముక్క వస్తుంది. తనకి మొదటి బిడ్డ పుట్టబోయే ముందు నాన్న చెప్పాపెట్టకుండా కారేసుకుని కొన్ని వందల మైళ్ళు వచ్చాడట. పొద్దున్నే బీరు ముందు పెట్టుకుని కూర్చుని, నువ్వు మమ్మల్ని బాగా చూసుకున్నావు, నేనే నిన్ను సరిగ్గా చూసుకోలేదు అన్న అర్థం వచ్చే మాట ఒకటి అన్నాడు. అంతే! జీవితం మొత్తం మీద ఆ ఒక్క మాటే. డగ్లస్ 1998లో పోయాడు.

నిజం చెప్పాలంటే ఇది బ్యాండుతో చెప్పగలిగే సంగతి కాదు. డ్రమ్మరు ముందు కూర్చుని వుండగా ఏ కొడుకు చెబుతాడు?

అమ్మ మీద పాట పియానో మీద వస్తుంది. ఏడెనిమిదేళ్ళప్పుడు బ్రూస్ టీవీలో ఎల్విస్‌ని చూసి గిటారు కావాలన్నాడు. అమ్మ అద్దెకి తెచ్చిచ్చింది. చిట్టి వేళ్ళకి అందలేదు, వదిలేశాడు. కానీ తిరిగి ఇచ్చేసే రోజు పెరట్లో వీధి పిల్లల్ని పోగేసి, వాయించడం రాని ఆ గిటారునే వూపి, కొట్టి, ఎగిరి, నానా హంగామా చేశాడు! అదీ బాస్ మొదటి కచేరీ. తర్వాత కొన్నేళ్ళకి అమ్మ 60 డాలర్లు అప్పు చేసి కెంట్ గిటారు కొనిపెట్టింది. ఆడెల్ స్ప్రింగ్‌స్టీన్ లాయరు ఆఫీసులో సెక్రటరీ, ఇంటి బండి లాగింది ఆవిడే. ప్రదర్శన నాటికి ఆవిడకి మతిమరుపు జబ్బు. అన్నీ మరిచినా సంగీతం వినిపిస్తే మాత్రం అడుగు కదిపేదట. 2024 జనవరి ఆఖర్న, 98 ఏళ్ళ వయసులో కన్నుమూసింది.

ఇక 'బార్న్ ఇన్ ది యు.ఎస్.ఏ.' దగ్గరికి వద్దాం. బ్రాడ్‌వేలో దాని ముందు చెప్పే కథ నెత్తురు గడ్డకట్టిస్తుంది. రాన్ కోవిక్ రాసిన 'బార్న్ ఆన్ ది ఫోర్త్ ఆఫ్ జూలై' పుస్తకం దార్లో కొని చదివాడు, కొన్ని రోజులకి హోటల్లో చక్రాల కుర్చీలో ఒకాయన వచ్చి ఆ పుస్తకం రాసింది నేనే అన్నాడు. (1989లో టామ్ క్రూజ్ వేసిన సినిమా ఆ పుస్తకమే.) ఆ తర్వాత తన వూరి కుర్రాళ్ళు. తన మొదటి బ్యాండులో డ్రమ్ములు వాయించిన బార్ట్ హేన్స్. వూళ్ళో అందరికన్నా అందంగా పాడే వాల్టర్ సికాన్. ఇద్దరూ వియత్నాం వెళ్ళారు, ఇద్దరూ రాలేదు. పందొమ్మిదేళ్ళప్పుడు తనకీ పిలుపొచ్చింది. స్నేహితులతో కలిసి వెళ్ళి, నానా తంటాలు పడి తప్పించుకున్నాడు. నా బదులు ఎవరు వెళ్ళారో అని అప్పుడప్పుడూ అనుకుంటాను, ఎవరో ఒకరు వెళ్ళే వుంటారు కదా అంటాడు. అని, పన్నెండు తీగల గిటారు అందుకుంటాడు. గొట్టం తీగ మీద గీసుకుంటూ పోతుంది. చివర గిటారు కూడా ఆపేస్తాడు. వొట్టి గొంతు. ముప్ఫై ఏళ్ళ కిందట స్టేడియాలు వూగిపోయిన పల్లవి, శ్మశానంలో పిలిచినట్టు వినిపిస్తుంది. చప్పట్లు కొట్టడానికి జనానికి కాస్త టైము పడుతుంది.

అన్నీ ఇంత బాగున్నాయా అంటే, లేవు. 'డ్యాన్సింగ్ ఇన్ ది డార్క్' నాకు నప్పలేదు. ఎగరడానికి పుట్టిన పాటని కుర్చీలో కూర్చోబెడితే ఏం లాభం? కొన్నిచోట్ల మాట ఎక్కువైంది. వాక్యం మీద వాక్యం పేర్చి, చర్చిలో పాస్టరుగారిలా లయ కడుతుంటే, బాబూ ఇహ గిటారు అందుకో అనిపిస్తుంది. మాటలన్నీ ముందే రాసుకున్నవి, రాత్రి రాత్రికీ మారనివి. 'గుండె విప్పి చెబుతున్నాడు' అనుకునే అభిమానికి ఇది తెలిస్తే కాస్త చల్లబడతాడు. కానీ మన నాటకాల్లో హరిశ్చంద్రుడు ప్రతి రాత్రీ అదే పద్యానికి ఏడుస్తాడు, ఆ కన్నీళ్ళు అబద్ధమని ఎవరైనా అన్నారా? తను మోసగాణ్ణని బాస్ ముందే చెప్పాడు కదా!

టిక్కెట్ల సంగతి మాత్రం నేను వొదలను. కూలివాడి కష్టం పాడే మనిషి కచేరీకి కూలివాడు రాలేని ధర. ఆ 236 ఆటల మీద వసూలయింది సుమారు 11 కోట్ల 30 లక్షల డాలర్లు. హాల్లో సీట్లు వెయ్యికి లోపే, గిరాకీ లక్షల్లో, ధర పెట్టకపోతే బ్లాకువాళ్ళే పెడతారు... ఈ సమాధానాలన్నీ నాకూ తెలుసు. అయినా ఫ్రీహోల్డ్ బడిలో వూరివాళ్ళకి మాత్రమే టిక్కెట్లమ్మిన మనిషి, ఇక్కడ ఇంకో దారి ఆలోచించి వుండాల్సింది.

ఇంకొక్కటి. 'టెన్త్ అవెన్యూ ఫ్రీజ్ అవుట్' పియానో మీద పాడుతూ, మధ్యలో ఆపి, క్లారెన్స్ క్లెమన్స్ గురించి చెబుతాడు. ఆ శాక్సొఫోను మనిషి 2011 జూన్ 18న పోయాడు. బ్యాండుతో పాడేటప్పుడు ఆ చోటు ఎవరో ఒకరు నింపుతారు. ఒంటరిగా పాడుతుంటే ఆ చోటు ఖాళీగా అలాగే వుంటుంది. శాక్సొఫోను రావాల్సిన దగ్గర పియానో మీద వేళ్ళు నెమ్మదిస్తాయి. మీరు ఆ పాట పాత రికార్డు విన్నవాళ్ళయితే, లేని శాక్సొఫోను మీ చెవిలో వినిపిస్తుంది.

పూర్తిగా ఒంటరి అనడానికీ లేదు లెండి. మధ్యలో రెండు పాటలకి భార్య ప్యాటీ షియాల్ఫా వచ్చి పక్కన నిలబడి పాడుతుంది. 2018 జూన్‌లో మెక్సికో సరిహద్దు దగ్గర వలస కుటుంబాల పిల్లల్ని తల్లిదండ్రుల నుంచి విడదీస్తున్నారన్న వార్తలు వచ్చినప్పుడు ఒక పాట తీసేసి, 'ది గోస్ట్ ఆఫ్ టామ్ జోడ్' పెట్టాడు. మారని నాటకంలో మారిన ముక్క అది. కరోనా వచ్చి బ్రాడ్‌వే మూతపడ్డాక, 2021 జూన్ 26న మొదట తలుపులు తీసిందీ ఈయనే, ఈసారి సెయింట్ జేమ్స్ థియేటర్లో. బృందం మొత్తం ఒక్కడే కదా, రిహార్సలు ఎంతసేపు!

850 డాలర్లు పెట్టలేని మనలాంటివాళ్ళకి శుభవార్త పాతదే. ప్రదర్శన ముగిసిన మర్నాడే, 2018 డిసెంబరు 16న, థామ్ జిమ్నీ దర్శకత్వంలో తీసిన చిత్రం నెట్‌ఫ్లిక్స్‌లో విడుదలైంది. నిడివి రెండున్నర గంటలు. కెమెరా ముఖానికి దగ్గరగా వెళుతుంది, హాల్లో ఆఖరి వరసవాళ్ళకి దక్కనిది మనకి దక్కుతుంది. ఇంగ్లీషు మాటలు జారిపోతే కింద అక్షరాలు పెట్టుకోండి, నామోషీ లేదు.

కానీ ముందు ఒక పని చెయ్యండి. 'బార్న్ ఇన్ ది యు.ఎస్.ఏ.' మూడుసార్లు వినండి. మొదట 1982లో పడగ్గదిలో తీసింది, అది 1998 నాటి 'ట్రాక్స్' సంకలనంలో వుంది. తర్వాత 1984 రికార్డు, గోడలదిరేలా పెట్టి. ఆఖర్న బ్రాడ్‌వేది, దీపం ఆర్పేసి. మూడోది వింటున్నప్పుడు అమ్మ భోజనానికి పిలిస్తే పలక్కండి. తర్వాత తిట్లు తినొచ్చు.